డెల్టాలో ఎవరి బతుకుకు కెమెరా ఉంది?

గుడివాడలో నాలుగు రోడ్ల కూడలి దగ్గర టీ తాగుతూ 1984 ఆగస్టు గురించి మాట్లాడుకునే పెద్దలు ఇప్పటికీ ఉన్నారు. ఎన్.టి. రామారావు స్వగ్రామం నిమ్మకూరు ఆ ఊరికి దగ్గరే. 1983 ఎన్నికల్లో ఆయన తిరుపతితో పాటు గుడివాడలోనూ గెలిచారు. అందువల్ల 1984 ఆగస్టు 16న గవర్నరు రామ్‌లాల్ ఆయన ప్రభుత్వాన్ని తొలగించడం, నెల తిరిగేసరికి సెప్టెంబరు 16న ఆయన మళ్ళీ ముఖ్యమంత్రిగా ప్రమాణం చేయడం ఈ ప్రాంతానికి ఇంటి సంగతి వంటివి. బంద్‌లు, రాస్తారోకోలు, ఎమ్మెల్యేలను పొరుగు రాష్ట్రానికి తరలించడం, చివరికి ప్రజాస్వామ్యం గెలవడం అన్నీ వరుసగా చెబుతారు. అందులో అబద్ధమేమీ లేదు. కానీ అవే రోజుల్లో హైదరాబాదు పాతబస్తీలో కర్ఫ్యూ నడిచిందనీ, మతకల్లోలంలో మనుషులు చచ్చిపోయారనీ ఆ ముచ్చటలో ఎవరూ చెప్పరు. అది వేరే కథ అనుకుంటారు.

అది వేరే కథ కాదని చెప్పిన చిత్రం ఒకటుంది. దీపా ధన్‌రాజ్ తీసిన ‘క్యా హువా ఇస్ షహర్ కో?’ 1986లో పూర్తయింది. ఈ నగరానికి ఏమైంది అన్న ప్రశ్నే దాని పేరు. హైదరాబాద్ ఏక్తా అనే పౌరవేదిక తోడ్పాటుతో, నవరోజ్ కాంట్రాక్టర్ ఛాయాగ్రహణంలో, కల్లోలం జరుగుతున్న రోజుల్లోనే ఆ బృందం వీధుల్లో తిరిగి తీసింది. కొత్త ప్రభుత్వం శాసనసభలో బలం చూపించుకోవలసి ఉన్న సమయంలోనే పాతబస్తీ ఎందుకు మండింది? ఊరేగింపులు ఎవరికి పనికివచ్చాయి? రెండు మతాల పేదలూ ఒకే గల్లీలో బతుకుతుండగా వారి మధ్య ఎవరు గోడ కట్టారు? చిత్రం ఈ ప్రశ్నలను రెండు పక్షాల రాజకీయ నాయకులనూ అడిగింది, పాతబస్తీ మనుషులనూ అడిగింది. అది కేవలం ముస్లింల గోడు చెప్పిన చిత్రం కాదు, హిందువులను నిందించిన చిత్రమూ కాదు. అధికారం కోసం జరిగే బేరసారాలలో పేదవాడి ప్రాణం ఎట్లా ఖర్చవుతుందో చూపిన చిత్రం. గుడివాడ జ్ఞాపకంలో లేని సగం అందులో ఉంది.

ఆ చిత్రం మూలప్రతిని కాపాడి డిజిటల్ రూపంలోకి మార్చింది ఎవరో తెలిస్తే పాఠకులకు సిగ్గు కలగవచ్చు. బెర్లిన్‌లోని ఆర్సెనల్ అనే సంస్థ 2013 ప్రాంతంలో ఆ పని చేసింది. చార్మినార్ పక్క గల్లీల కన్నీళ్ళు జర్మనీ గిడ్డంగిలో భద్రంగా ఉన్నాయి. మన గ్రంథాలయాలు, మన విద్యాసంస్థలు, మన జమాఅత్‌లు అటువంటి ప్రతి ఒకటి తెప్పించుకోవాలన్న ఆలోచన కూడా చేయలేదు.

సినిమా అంటే తెలియని ప్రాంతం కాదు మనది. అక్కినేని నాగేశ్వరరావు పుట్టిన రామాపురం గుడివాడ చుట్టుపక్కలదే. ఘంటసాల పుట్టిన చౌటపల్లి కూడా ఆ దగ్గరిదే. ‘మాలపిల్ల’ తీసిన గూడవల్లి రామబ్రహ్మం ఈ కృష్ణా జిల్లావాడే. 1939లో ఆయన తీసిన ‘రైతుబిడ్డ’ జమీందారీ దోపిడీని ఎండగట్టింది, జమీందార్లు మండిపడ్డారు, కొన్నిచోట్ల నిషేధానికి గురయింది. విచిత్రం ఏమిటంటే ఆ చిత్రానికి డబ్బు పెట్టిన సారథి సంస్థ దివిసీమ ముంగిట ఉన్న చల్లపల్లి జమీందారుదే. జమీందారీని తిట్టడానికి జమీందారు పెట్టుబడి! అటువంటి ఔదార్యం చరిత్రలో ఏ పదేళ్ళకో ఒకసారి దొరుకుతుంది, దానిమీద ఆధారపడి ఎవరూ సత్యం చెప్పలేరు. స్వతంత్ర డాక్యుమెంటరీ అన్నమాటలో ‘స్వతంత్ర’ అన్న విశేషణానికి అర్థం అక్కడే ఉంది. డబ్బు ఎవరు ఇచ్చారు, ఇచ్చినవారు దేని గురించి మాట్లాడవద్దన్నారు అన్నదే మొదట అడగవలసిన ప్రశ్న.

ఇక్కడ మాట్లాడవలసినవి ఎన్ని ఉన్నాయో ఒకసారి చూద్దాం. బందరు రేవు గోల్కొండ కుతుబ్‌షాహీల ప్రధాన ఓడరేవు. ఇంగ్లీషువారు 1611లో ఇక్కడ వర్తకస్థావరం పెట్టకముందే పర్షియా ఓడలు ఇక్కడి అద్దకం బట్టలు తీసుకుపోయేవి. కలంకారీ అన్న మాటే పర్షియా నుంచి వచ్చింది. శ్రీకాళహస్తిలో నిజంగా కలంతో గీస్తారు. బందరు, పెడనల పనిలో కలం లేదు, టేకు అచ్చులే. కరక్కాయ నీళ్ళలో నానబెట్టడం, పటికతో ఎరుపు పట్టించడం, తుప్పు ఇనుమునూ బెల్లాన్నీ పులియబెట్టి నలుపు తీయడం, ఉడకబెట్టడం, పారే కాలువ నీటిలో ఉతకడం, ఆరబెట్టడం. ఒక్కొక్క రంగుకు ఒక్కొక్క చుట్టు. ఆ బట్ట అంగడిలో ఏ ధరకు అమ్ముడవుతున్నదో, అచ్చు వేసిన చేతికి అందులో ఎంత ముడుతున్నదో చూపితే చాలు, ఒక చిత్రానికి సరిపడా అర్థశాస్త్రం దొరుకుతుంది. దానిమీద స్క్రీన్ ప్రింటు నకళ్ళు వచ్చి పడినప్పుడు ఏ ఇంట్లో పొయ్యి ఆరిందో అడిగితే అది రాజకీయం కూడా అవుతుంది.

చిలకలపూడి బంగారం అన్న మాట తెలుగువారికి ఎగతాళి మాటగా మిగిలింది. గిల్టు నగలంటే నకిలీ అని నవ్వుకుంటారు. ఆ నగకు రాయి అతికించే కళ్ళూ, యాసిడ్ ఆవిరి పీల్చే ఊపిరితిత్తులూ మాత్రం నకిలీవి కావు. ఇళ్ళలో కూర్చుని డజను లెక్కన పనిచేసే ఆడవారిలో అన్ని మతాలవారూ ఉన్నారు. కార్ఖానా గడప దాటని ఈ పనికి హాజరుపట్టీ లేదు, ప్రమాదం జరిగితే అడిగే దిక్కు లేదు. అట్లాగే రొయ్యల షెడ్లు. 2025 ఆగస్టులో అమెరికా మన సరుకుపై సుంకాన్ని 50 శాతానికి పెంచినప్పుడు పత్రికలు రైతు నష్టం రాశాయి, ఎగుమతిదారు నష్టం రాశాయి. మంచుగడ్డల మధ్య నిలబడి తల తీసి తోలు ఒలిచే స్త్రీ కూలి ఏమైందో రాసినవారు తక్కువ.

బందరు ఓడరేవు సంగతి వేరే చెప్పాలా? 2008లో ఒక ముఖ్యమంత్రి శంకుస్థాపన చేశారు, 2019లో మరొకరు చేశారు, 2023 మేలో ఇంకొకరు చేశారు. మధ్యలో 2015 నుంచి పరిశ్రమల పేరుతో వేల ఎకరాలకు నోటీసులు వచ్చాయి, రైతులు ఆందోళనకు దిగారు, పొలం అమ్ముకోలేక, తాకట్టు పెట్టుకోలేక, ఆడపిల్ల పెళ్ళి చేయలేక కుటుంబాలు వేచి చూశాయి. మూడు శిలాఫలకాలను పక్కపక్కన చూపి, వాటి మధ్య గడిచిన పదిహేనేళ్ళలో ఆ భూములవారు ఏం చేశారో వారినోటనే చెప్పిస్తే, అటువంటి చిత్రం ఏ పార్టీకీ నచ్చదు. నచ్చకపోవడమే దానికి యోగ్యతాపత్రం.

ఈ అంశాల్లో ముస్లిం అన్నమాట ఎక్కడుంది అని అడిగే మిత్రులున్నారు. వారికి ఒక్క విషయం గుర్తుచేస్తాను. 2007లో మన రాష్ట్రం ఏర్పరచిన బీసీ-ఈ జాబితా తెరిచి చూడండి. మొదటి పేరు అచ్చుకట్టలవాండ్లు. పేరులోనే అచ్చు ఉంది. ఆ తరువాత అత్తరు సాయిబులు, ధోబీ ముస్లింలు, ఫకీర్లు, గారడీ సాయిబులు, ఎలుగుబంటివారు. అది మతం జాబితా కాదు, వృత్తుల జాబితా, ఆ వృత్తులు కూలిపోయిన క్రమం జాబితా. ఆ నాలుగు శాతం రిజర్వేషన్‌ను 2010 ఫిబ్రవరిలో హైకోర్టు కొట్టివేసినప్పుడు, వెనుకబాటును నిర్ణయించిన పరిశీలన శాస్త్రీయంగా లేదన్నది ప్రధాన అభ్యంతరాలలో ఒకటి. మార్చిలో సుప్రీంకోర్టు ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు నీడలో మన పిల్లల సీట్లు నడుస్తూ వచ్చాయి. డాక్యుమెంటరీ సర్వేకు ప్రత్యామ్నాయం అని నేను అనను. కానీ తన బతుకును తాను నమోదు చేసుకోని సమాజం, రేపు న్యాయస్థానం ‘మీరెవరు, ఏం పని చేస్తారు’ అని అడిగితే పక్కచూపులు చూడవలసి వస్తుంది. సచార్ కమిటీ 2006లో మన అంకెలు దేశం ముందు పెట్టింది. అంకెలకు ముఖాలు తగిలించే పని ఆ కమిటీది కాదు, మనది.

దీపా ధన్‌రాజ్ ప్రయాణం ఈ విషయంలో మనకు దారి చూపుతుంది. హైదరాబాదులో పుట్టిన ఆమె 1980లో మరికొందరితో కలిసి యుగాంతర్ అనే బృందాన్ని ఏర్పరచారు. ఇళ్ళలో పనిచేసే స్త్రీల మీద ఒక చిత్రం, నిప్పాణి పొగాకు కార్ఖానాల స్త్రీలు సంఘం కట్టుకోవడం మీద 1982లో మరొకటి, 1983లో మన తెలుగులోనే స్త్రీశక్తి సంఘటనతో కలిసి ‘ఇది కథ మాత్రమేనా?’. తీయడానికి ముందు ఆ స్త్రీలతో కలిసి గడపడం, ఏమి చూపాలో వారితోనే చర్చించడం, తీసిన తరువాత ప్రొజెక్టరు మోసుకుని ఇతర కార్మికుల దగ్గరికి వెళ్ళడం వారి పద్ధతి. ఆ రోజుల్లో పదహారు మిల్లీమీటర్ల ఫిల్ము కొనాలంటే అప్పు చేయవలసి వచ్చేది. ఈనాడు మన పెళ్ళిళ్ళలో నిఖాకు ముందే డ్రోను ఎగురుతుంది, ఎల్ఈడీ తెర మీద పెళ్ళికొడుకు నడిచివస్తాడు. బందరులో, గుడివాడలో పెళ్ళి వీడియోలు తీసి పొట్టపోసుకునే ముస్లిం యువకులు ఎందరో ఉన్నారు. చేతిలో పని ఉంది, పరికరం ఉంది. వలీమా పూటకు అయ్యే ఖర్చులో పదోవంతు వారికి ఇచ్చి, పెడన కాలువ దగ్గర పది రోజులు ఉండి రమ్మన్నవారు మాత్రం లేరు.

నిప్పాణి చిత్రాన్ని పోయిన ఏడాది బందరులో కొందరం చూశాం. మొదట ఒక ఫంక్షన్ హాలులో వేద్దామనుకున్నాం. హాలు యజమాని మనవాడే. ముందురోజు సాయంత్రం ఫోను చేసి, “భాయ్, ఏమీ అనుకోవద్దు, లేనిపోని తలనొప్పి” అన్నాడు. పొగాకు కూలీల చిత్రానికి తలనొప్పి ఏమిటని అడిగితే, డాక్యుమెంటరీ అన్నమాటే పోలీసులకు నచ్చదట. చివరికి ఒక ఇంటి వసారాలో టీవీ పెట్టుకుని ఇరవైమందికి పైగా కూర్చున్నాం. మరాఠీ ఎవరికీ రాదు, కింది అక్షరాలు చదివి మా అబ్బాయి తెలుగులో చెబుతూ పోయాడు. కాసేపటికి చెప్పవలసిన అవసరం లేకపోయింది. గిల్టు నగలకు రాళ్ళు అతికించే ఒక బూబమ్మ, వయసు అరవై దాటి ఉంటుంది, తెర మీద ఆడవారి చేతుల్ని చూస్తూ తన చేతులు ఒళ్ళోకి లాక్కుంది. “మా పని గూడా ఇట్టా ఎవురన్నా తీస్తారా?” అని అడిగింది. ఎవరమూ జవాబు చెప్పలేదు.

హాలు యజమాని భయానికి కారణం లేదని నేను అనను. ఆనంద్ పట్వర్ధన్ 1992లో పూర్తి చేసిన ‘రామ్ కే నామ్’కు సెన్సారు బోర్డు యు సర్టిఫికెట్ ఇచ్చింది, జాతీయ పురస్కారం వచ్చింది, కోర్టు ఆదేశం తరువాత దూరదర్శన్ కూడా ప్రసారం చేసింది. అటువంటి చిత్రాన్ని చూపబోయినందుకు 2019 ఆగస్టులో హైదరాబాద్ విశ్వవిద్యాలయ విద్యార్థులను పోలీసులు అదుపులోకి తీసుకున్నారు. 2024 జనవరిలో సైనిక్‌పురిలో ఒక కేఫేలో అదే చిత్ర ప్రదర్శనను కొందరు వచ్చి ఆపివేస్తే, కేసు ప్రదర్శించినవారి మీద పడింది. సర్టిఫికెట్ నిరాకరిస్తే వెళ్ళడానికి ఇంతకుముందు ఒక అప్పిలేట్ ట్రిబ్యునల్ ఉండేది, 2021 ఏప్రిల్‌లో దానినీ రద్దు చేశారు. ఇప్పుడు నిర్మాత హైకోర్టుకు పోవాలి. పెద్ద సంస్థలు పోగలవు, ఒంటరిగా కెమెరా పట్టినవాడు పోలేడు. 2004లో గుజరాత్ మీద తీసిన ‘ఫైనల్ సొల్యూషన్’కు సర్టిఫికెట్ నిరాకరించినప్పుడు రాకేశ్ శర్మ సీడీలు పంచిపెట్టి, మీరూ నకళ్ళు తీసి పంచండి అన్నారు. కొన్ని నెలల తరువాత అనుమతి వచ్చింది. మొండితనం కూడా ఒక పంపిణీ వ్యవస్థే.

రోహిత్ వేముల కథ ఒక డాక్యుమెంటరీతో ముడిపడి ఉందన్న సంగతి మనవారిలో చాలామంది మరచిపోయారు. 2013 ముజఫర్‌నగర్ కల్లోలం మీద నకుల్ సింగ్ సాహ్నీ తీసిన ‘ముజఫర్‌నగర్ బాకీ హై’ ప్రదర్శనను 2015 ఆగస్టులో ఢిల్లీ కళాశాలలో అడ్డుకున్నారు. దానికి నిరసనగా హైదరాబాదులో అంబేడ్కర్ విద్యార్థి సంఘం నిలబడింది. ఆ తరువాతి గొడవలు, బహిష్కరణలు, 2016 జనవరి 17 అందరికీ తెలుసు. గుంటూరు దళిత యువకుడు, ఎప్పుడూ చూడని ఊరి ముస్లింల మీద తీసిన చిత్రం చూసే హక్కు కోసం మాట్లాడాడు. ఆ రుణం మనం ఏ సభలో ఒప్పుకున్నాం? దీపా ధన్‌రాజ్ 2018లో రోహిత్ ఉద్యమం మీద చిత్రం తీశారు. మన సంఘాలు దానినైనా మన వాడల్లో వేశాయా?

ఆ ముజఫర్‌నగర్ చిత్రాన్ని నేనైతే దివిసీమ చెరకు రైతులకు చూపాలంటాను. చల్లపల్లి దగ్గర లక్ష్మీపురం ఫ్యాక్టరీకి చెరకు తోలినవారికి బకాయిలంటే ఏమిటో తెలుసు. పశ్చిమ యూపీలో కూడా చెరకే. అక్కడ జాట్ రైతూ ముస్లిం రైతూ ఒకే సంఘం జెండా కింద బకాయిల కోసం కూర్చున్నవారే. ఆ సంఘం ఎట్లా చీలిందో, చీలిన తరువాత కూలీల బేరం శక్తి ఏమైందో ఆ చిత్రంలో కనబడుతుంది. 1977 నవంబరు 19 రాత్రి ఉప్పెన వచ్చి వేలాదిమందిని తీసుకుపోయినప్పుడు ఈ సీమలో మనుషులు ఒకరికొకరు మిగిలారు. అటువంటి చోట ఈ పాఠం తలకెక్కుతుంది.

ఇప్పుడు మనవారికి నచ్చని మాట ఒకటి చెప్పవలసి ఉంది. 2023 మేలో ‘ది కేరళ స్టోరీ’ వచ్చినప్పుడు మన నాయకులు చాలామంది నిషేధం కోరారు. పశ్చిమ బెంగాల్ నిషేధించింది కూడా. సుప్రీంకోర్టు ఆ నిషేధాన్ని నిలిపివేసి, 32,000 అన్న లెక్కకు ప్రామాణికమైన ఆధారం లేదని తెర మీద ప్రకటించమన్నది. నిషేధం ఆ సినిమాకు ప్రచారమైంది, నిజంగా పనికివచ్చింది ఆధారం ఎక్కడ అన్న ప్రశ్న. శాంతిభద్రతల పేరుతో వారి సినిమాను ఆపమని మనం అడిగితే, అదే పేరుతో ‘రామ్ కే నామ్’ ఆపేవాడికి మనమే వాదం రాసిచ్చినట్లు. ద్వేషాన్ని రెచ్చగొట్టే ప్రసంగం మీద చట్టం ఉంది, కేసు పెట్టవచ్చు, పెట్టాలి. అబద్ధం చిత్రానికి జవాబు మాత్రం నిజం చిత్రమే. అది మన దగ్గర లేకపోవడం వల్లనే నిషేధం తప్ప మరొక మాట తోచడం లేదు.

మరొక మాట ఇంకా కష్టం. స్వతంత్ర చిత్రకారుడు గడప లోపలికి వస్తే మనకు నచ్చిన గది ఒక్కటే చూసి వెళ్ళడు. దీపా ధన్‌రాజ్ 2011లో ‘ఇన్వోకింగ్ జస్టిస్’ తీశారు. తమిళనాడులో పురుషుల జమాఅత్‌లు తలాక్, కట్నం, హింస తగవుల్లో స్త్రీ మాట వినకుండా తీర్పులు చెబుతున్నాయని, స్త్రీలే తమ జమాఅత్ పెట్టుకుని తగవులు విచారించడం అందులో చూస్తాం. ఆ చిత్రాన్ని మన మస్జిద్ కమిటీల పెద్దలు కుటుంబాలతో కూర్చుని చూడగలరా? వక్ఫ్ సవరణ చట్టం 2025 మీద మనం వీధికెక్కాం, ఎక్కవలసిందే. ఆ చట్టం రాకముందే మన వక్ఫ్ భూములు ఎవరి చేతిలో, ఎంత కౌలుకు ఉన్నాయో కెమెరా అడిగితే కొందరు ముతవల్లీలు ముఖం తిప్పుకుంటారు. బొమ్మ తీయడం ధర్మమా కాదా అన్న పాత వాదం అప్పుడు హఠాత్తుగా గుర్తుకు వస్తుంది, కూతురి పెళ్ళి డ్రోను ఎగిరినప్పుడు గుర్తుకురానిది. సొంతవారికి వ్యతిరేకంగానైనా సాక్ష్యం చెప్పాలన్న శిక్షణ మన ధర్మంలోనే ఉందని వారికి వేరే చెప్పనక్కరలేదు.

పెద్ద నిధి, పెద్ద సంస్థ అంటూ మొదలుపెడితే ఈ పని ఎన్నటికీ జరగదు. బందరు, గుడివాడ, అవనిగడ్డలలో ఒక్కొక్క ఇంటి వసారా చాలు, నెలకొక చిత్రం, చూసిన తరువాత గంటసేపు మాట. సర్టిఫికెట్ ఉన్నవాటితో మొదలుపెడదాం, ఇరుగుపొరుగు దళిత, బీసీ కుటుంబాలను కూడా పిలుద్దాం. ఏ చిత్రం తీయడానికి డబ్బు ఇచ్చినా, ఏమి తీయాలో మనం చెప్పకూడదన్న షరతు మనకు మనమే పెట్టుకుందాం.

ఆ బూబమ్మ ఇంటికి ఈమధ్య మళ్ళీ వెళ్ళాను, పెళ్ళి వీడియోలు తీసే కుర్రవాడిని వెంటబెట్టుకుని. వాడు లైటు ఎక్కడ పెట్టాలా అని చూస్తుంటే ఆమె వద్దంది. “తెల్లారగట్ట రండి బాబూ, కిటికీ కాడ ఎలుగొచ్చేసరికి పనిలో కూకుంటాం. అప్పుడైతే రాళ్ళు బాగా కనబడతయ్” అంది.